రూర్ గనులే జర్మనీని నిలబెట్టాయా?

ప్రశ్న: మాస్టారూ, రెండో ప్రపంచ యుద్ధంలో నేలమట్టమైన జర్మనీ అంత త్వరగా కోలుకోవడానికి అక్కడి పడమటి ప్రాంతమైన రూర్‌లోని బొగ్గు గనులే కారణమా?
– డిగ్రీ విద్యార్థిని, బొబ్బిలి

జవాబు: చాలావరకు అవునమ్మా. గరివిడి మాంగనీసు గనుల పక్కన పెరిగినవాణ్ణి, గని అనగానే నాకు ముందు కూలీలే గుర్తొస్తారు. రూర్‌లోని ఎసెన్ నగరంలో క్రుప్ అనే ఆయుధాల కంపెనీ చేసే ఫిరంగులకు ఆధారం రూర్ బొగ్గే. అందుకే 1943లో బ్రిటిష్ విమానాలు నెలల తరబడి అక్కడ బాంబులు కురిపించాయి. మే నెలలో రూర్ పరిశ్రమలకు నీళ్లిచ్చే మోనే డ్యామ్‌ను పగలగొడితే, బలవంతంగా తెచ్చిన విదేశీ కూలీలు, ముఖ్యంగా సోవియట్ ఆడవాళ్లు, వందలమంది వరదలో కొట్టుకుపోయారు. ఈ సంగతి పాఠాల్లో కచ్చితంగా చెప్పాలి.

యుద్ధం అయ్యాక జనానికి తిండే కరువు. బొగ్గు లేనిదే రైళ్లు కదలవు, అందుకని గనిలోకి దిగేవాళ్లకు అదనపు రేషన్ ఇచ్చి తవ్వించారు. ఐరోపా కోలుకోవడానికి అమెరికా ఇచ్చిన మార్షల్ సాయమూ తోడైంది. 1951లో ఫ్రాన్స్, పశ్చిమ జర్మనీతో సహా ఆరు దేశాలు తమ బొగ్గు, ఉక్కులను ఉమ్మడి అజమాయిషీ కిందకు తెస్తూ ఒప్పందం చేసుకున్నాయి. నేటి ఐరోపా సమాఖ్య మొదలైంది అక్కడే.