రెండోసారి వచ్చిన సమన్లు

ప్రశ్న: మాది అనంతపురం. ఇరవై ఏళ్లుగా బెంగళూరు పీణ్యలో చిన్న ఫ్యాబ్రికేషన్ షెడ్ నడుపుతున్నాను. స్టీల్ షీట్లు ఇచ్చే ఆయన నేను 14 లక్షలు బాకీ అని కమర్షియల్ కోర్టులో సమ్మరీ సూట్ వేశారు. నా లెక్కలో ఇవ్వాల్సింది 5 లక్షలే, మిగతా సరుకు తుప్పు పట్టి వస్తే తిప్పి పంపేశాను. కానీ 14 లక్షల బ్యాలెన్స్ ఒప్పుకున్నట్టు నా సంతకం ఉన్న లెటర్ చూపిస్తున్నారు. మొదటి సమన్లకు లాయరు గారు హాజరు వేశారు, ఇప్పుడు మళ్లీ సమన్లు వచ్చాయి. జవాబుదావాకు 30 రోజులు టైముందని ఫ్రెండ్ అంటున్నాడు. చాలా టెన్షన్‌గా ఉంది.

జవాబు: అయ్యా, ముందు ఆ రెండో సమన్లు మీకు అందిన తేదీ చూసుకోండి, ఎందుకంటే మీకున్నది 30 రోజులు కాదు, 10 రోజులే. మీ ఫ్రెండ్ చెప్పింది మామూలు దావాల సంగతి. సమ్మరీ సూట్‌లో, అంటే సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 37 కింద వేసిన దావాలో, నేరుగా జవాబుదావా వేయడానికి కుదరదు. నా తరఫు వాదన వినండి అని ముందు కోర్టు అనుమతి తెచ్చుకోవాలి, లాయర్లు లీవ్ టు డిఫెండ్ అనేది దీన్నే. అడగకుండా ఊరుకుంటే వాదికి డిక్రీ, అంటే డబ్బు కట్టమనే తీర్పు, ఇచ్చేస్తారు.

ఈ అర్జీకి బలమంతా అఫిడవిట్‌లో ఉంటుంది. "సరుకు బాగాలేదు" అని ఒక్క ముక్క రాస్తే సరిపోదు. ఏ బిల్లు సరుకు, ఎన్ని షీట్లు, ఏ రోజు ఏ బండిలో తిరిగి వెళ్లింది, అవతల ఎవరు తీసుకున్నారు, అన్నీ రాసి చలాన్లు, డెబిట్ నోట్లు, వాట్సాప్ మెసేజ్‌లు జతచేయండి. ఇక ఆ లెటర్, అసలు చిక్కు అక్కడే ఉంది. సరుకు తిప్పి పంపక ముందు సంతకం పెట్టి ఉంటే తేదీలతో చూపించి గట్టిగా చెప్పుకోవచ్చు, తర్వాత పెట్టి ఉంటే మాత్రం ఎందుకు పెట్టారో నిజం రాయాలి, ఆ లెటర్ ఊసే ఎత్తకుండా దాటేస్తే జడ్జి గారికి మిగతా మాటల మీద కూడా నమ్మకం పోతుంది.

5 లక్షలు ఇవ్వాలని మీరే అంటున్నారు కాబట్టి ఆ డబ్బు కోర్టులో జమ చేయాలి, ఒప్పుకున్న మొత్తం కట్టకుండా అనుమతి ఇవ్వరు. అది తప్పించుకోవడానికి అసలు బాకీయే లేదని మాత్రం రాయించకండి, దయచేసి. చూపించడానికి నిజమైన వాదన ఉన్నవాళ్లకు అనుమతి ఇవ్వడమే మామూలు పద్ధతి, నిరాకరించడం అరుదుగా జరగాలి అని 2022లో సుప్రీంకోర్టు కూడా చెప్పింది. మిగతా 9 లక్షల మీద మీ వాదన సందేహంగా అనిపిస్తే ఇంకొంత కట్టమని షరతు పెట్టవచ్చు, దానికీ సిద్ధంగా ఉండండి.

ఇంకోటి, అర్జెంట్ ఉత్తర్వులేవీ అడగని కమర్షియల్ దావా అయితే కోర్టుకు వెళ్లే ముందే మీడియేషన్‌కు, అంటే మధ్యవర్తి దగ్గర రాజీ ప్రయత్నానికి, వెళ్లాలి. అవతలివాళ్లు వెళ్లారో లేదో లాయరు గారిని చూడమనండి.

ఇది మీరు చదివేసరికి 10 రోజులు దాటిపోయినా వదిలేయకండి. సరైన కారణం చూపిస్తే ఆలస్యాన్ని మన్నించే అధికారం కోర్టుకు ఉంది, అయితే ఆ కారణం కూడా అఫిడవిట్‌లోనే, రోజుల లెక్కతో రాయాలి.