పాఠకుల ప్రశ్నలు: రెగీనా లిన్నన్‌హెయిమోని ఎక్కణ్ణించి చూడాలి?

ప్రశ్న: పాత ఫిన్లండ్ సినిమాల గురించి వెతుకుతుంటే రెగీనా లిన్నన్‌హెయిమో అనే నటి పేరు తగిలింది. ఒకచోట సుకుమారమైన హీరోయిన్ అని రాశారు, ఇంకోచోటేమో ఏడుపులూ ఆవేశాలూ ఉండే మెలోడ్రామా నటి అన్నారు. ఏది నిజం?
– ఓ పాఠకురాలు, విజయనగరం

జవాబు: రెండూ నిజమేనండీ. ఆవిడ 1915లో హెల్సింకిలో పుట్టింది. 1936లో తెవ్వో తులియో అనే కుర్ర డైరెక్టర్ తన మొదటి సినిమాలో వేషమిచ్చాడు, మరుసటేడు సిల్లన్‌పా నవల మీద తీసిన సినిమాలో సిల్యా అనే పల్లెటూరి పిల్లగా వేసింది (ఆ రచయితకే 1939లో నోబెల్ వచ్చింది). ఆ తర్వాత యుద్ధం రోజులు. బయట సోవియట్‌తో యుద్ధం నడుస్తుంటే హాళ్ళలో జనానికి కావాల్సింది పాతకాలపు గౌన్లు, ప్రేమకథలు, పాటలు. 1941లో 'కైవోపుయిస్తోన్ కౌనిస్ రెగీనా', 1943లో లెయిఫ్ వాగెర్ అనే హీరో పక్కన 'కతరీనా య ముంక్కినియెమెన్ క్రెయివి' అలాంటివే, మీరు చదివిన సుకుమారమైన హీరోయిన్ ఈవిడే.

యుద్ధం అయ్యాక మళ్ళీ తులియో దగ్గరికొచ్చింది, ఇక అక్కణ్ణించి చూడండి! 1946లో 'రక్కౌదెన్ రిస్తి'లో లైట్‌హౌస్ కాపలాదారు కూతురు, పట్నం నుంచి వచ్చినవాణ్ణి నమ్మి వెళ్ళి వీధిన పడుతుంది. అదే ఏడు 'లెవొతొన్ వెరి'లో సిల్వీ. కొడుకు చచ్చిపోయిన దుఃఖంలో చూపు పోగొట్టుకుంటుంది, ఇంట్లో మొగుడికీ తన చెల్లెలికీ సంబంధం నడుస్తుంటుంది, తీరా చూపు తిరిగొచ్చాక ఆ సంగతి ఎవరికీ చెప్పకుండా నల్లకళ్ళజోడు అలాగే పెట్టుకుని గుడ్డిదానిలా వాళ్ళ మధ్యే తిరుగుతుంది. కళ్ళు కనపడకపోతే నటికి మిగిలేదేంటి చెప్పండి, నోరు, మెడ, చేతులు, వాటితోనే ఆ లోపలి మంటంతా మనకి తెలిసేలా చేస్తుంది. ఇది 'అతి' అని కొట్టిపారేసేవాళ్ళతో నేను అస్సలు ఒప్పుకోను, ఆ కథకి ఆ పిచ్‌లో వేస్తేనే న్యాయం.

ప్రశ్న: 1936, 37 సినిమాల ప్రింట్లు ఎక్కడైనా దొరుకుతాయా?
– ఓ పాఠకుడు, హైదరాబాద్

జవాబు: దొరకవండీ. 1959లో హెల్సింకిలో ఫిల్ములు దాచిన చోట అగ్నిప్రమాదం జరిగి తులియో మొదటి మూడు సినిమాలూ పోయాయి. అప్పటి రీళ్ళు నైట్రేట్‌వి, ఒకసారి అంటుకున్నాయంటే నీళ్ళు కొట్టినా ఆరవు, ఆ మంటకి బయటి గాలి కూడా అక్కర్లేదు. మన మొదటి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద' ప్రింటు లేదని మనం ఎంత బాధపడతామో అక్కడివాళ్ళకి సిల్యా విషయంలో అంత బాధ ఉంటుంది. నాకైతే ఇది ఆవిడకి జరిగిన పెద్ద అన్యాయం అనిపిస్తుంది, ఎందుకంటే ఇరవై రెండేళ్ళకే ఆవిడ ఏం చేయగలిగిందో చూసే దారి లేక అందరూ తర్వాతి సినిమాలు చూసే తీర్పులు చెప్తారు.

ప్రశ్న: ఆవిడంటే తులియో చెక్కిన బొమ్మ అంటారు కదా?
– అదే పాఠకుడు

జవాబు: ఈ మాట వింటే నాకు కోపం వస్తుంది. 'లెవొతొన్ వెరి' స్క్రిప్ట్ రాయడంలో ఆవిడ చేయి ఉంది, అంటే ఆ సిల్వీని సగం ఆవిడే పుట్టించిందన్నమాట. పైగా తులియో చాలా సినిమాలు ఫిన్నిష్‌లో ఒకటి, స్వీడిష్‌లో ఒకటి తీసేవాడు, అంటే అంత ఏడుపు సీనూ అయిపోయాక మళ్ళీ మొదట్నించి ఇంకో భాషలో ఏడవాలి! తులియోది పెద్ద స్టూడియో కాదు, సొంత డబ్బులు, తక్కువ బడ్జెట్, పాత సినిమాలోని షాట్లు కొత్తదాంట్లో మళ్ళీ వాడేసేవాడు. అలాంటి చోట సినిమాని నిలబెట్టింది ఆవిడ మొహమే అని నా గట్టి నమ్మకం.

చివరి సినిమా 1956లో 'ఒలెత్ మెన్న్యుత్ మినున్ వెరేని', అందులో తాగుడికి బానిసైన ఆడమనిషి వేషం. నలభై ఏళ్ళ వయసులో అందంగా కనపడాలన్న పట్టింపు లేకుండా వేసింది. ఆ తర్వాత నటించలేదు, సబ్‌టైటిల్స్ అనువాదాలు చేసుకుంది, 1995లో పోయింది. ముందు 1943 సినిమా చూసి వెంటనే 'లెవొతొన్ వెరి' పెట్టుకోండి, మధ్యలో మూడేళ్ళే తేడా.