క్రికెట్ బంతిని ఒకవైపే ఎందుకు రుద్దుతారు?

బంతిని ఒకవైపే రుద్దడం మోసం కాదా అని మా పర్లాకిమిడి మైదానంలో ఆడే కుర్రవాడొకడు అడిగాడు, మంచి ప్రశ్న.

ఒకవైపే రుద్దితే ఆ వైపు నున్నగా ఉంటుంది, రెండో వైపు గరుకవుతుంది. ఎగిరే బంతి నున్నటి వైపున గాలిపొర బంతినుంచి త్వరగా విడిపోతుంది. గరుకు వైపున మాత్రం చిన్న చిన్న సుడులు పుట్టి, ఆ పొర ఇంకాస్త వెనుకదాకా బంతిని అంటిపెట్టుకుని ఉంటుంది. దానివల్ల బంతి వెనుక గాలి నున్నటి వైపుకు మళ్లగా, బంతి గరుకు వైపుకు వంగుతుంది. వేగం బాగా పెరిగినప్పుడు, ముఖ్యంగా పాతబడిన బంతితో, ఈ దిశ తారుమారు కావచ్చు.

ప్యాంటుకు రుద్దడానికి, చెమట అద్దడానికి నిబంధనలు అనుమతిస్తాయి. ఉమ్మి వాడకాన్ని 2022లో శాశ్వతంగా నిషేధించారు. గోళ్లతో గీకినా, నేలకు రాసినా బ్యాటింగ్ జట్టుకు 5 పరుగులు దక్కుతాయి, అది న్యాయమే.