స్పానిష్ సినిమా సంగీతాన్ని ఎవరితో మొదలుపెట్టాలి?

స్పానిష్ సినిమాలు ఇప్పుడిప్పుడే చూస్తున్నానని, ఒక సంగీత దర్శకుణ్ని ఎంచుకుని వరసగా వినాలంటే ఎవరు బాగుంటారని అడిగారు. నా జవాబు ఆల్బెర్టో ఇగ్లేసియాస్. హైదరాబాదులో స్పానిష్ నేర్చుకునే రోజుల్లో చెవికి భాష అలవాటు కావాలని రాత్రిళ్లు సినిమాలు పెట్టుకునేవాణ్ని. మాటల్లో సగం జారిపోయేవి, సంగీతం మిగిలేది. ఆయన పేరు నాకు అలా తెలిసింది.

ముందు నా పొరపాటు చెబుతాను. 2006లో వచ్చిన 'వోల్వేర్'లో పెనెలోపె క్రూజ్ కళ్లనిండా నీళ్లతో పాడే పాట ఒకటుంది. సంగీతం ఇగ్లేసియాస్ అని చదివాను కాబట్టి పాట కూడా ఆయనదే అనుకున్నాను. కనబడిన మిత్రులందరికీ అలాగే చెప్పాను. తీరా చూస్తే అది అర్జెంటీనా గాయకుడు కార్లోస్ గార్దెల్ స్వరపరచిన పాత టాంగో పాట. తెర వెనుక దాన్ని ఫ్లమెంకో అనే స్పెయిన్ సంప్రదాయ గాన పద్ధతిలో పాడింది ఎస్త్రెల్లా మొరెంతె. మనకు సంగీత దర్శకుడంటే ముందు పాటలే గుర్తొస్తాయి, నేపథ్య సంగీతం ఆ తర్వాతే. 'వోల్వేర్' తీసిన పేద్రో అల్మోదోవర్ సినిమాల్లో పాటలు చాలావరకు దర్శకుడు ఎక్కడినుంచో ఏరి తెచ్చుకున్నవి. మిగతాదంతా ఇగ్లేసియాస్ పని. ఇది తెలియకపోతే ఆయన్ని వింటూనే వినకుండా పోతాము.

ఇగ్లేసియాస్ 1955లో స్పెయిన్‌లోని బాస్క్ ప్రాంతంలో ఉన్న సాన్ సెబాస్తియాన్‌లో పుట్టారు. మొదట్లో పేరు తెచ్చినవి అదే ఊరివాడైన దర్శకుడు హూలియో మేదెమ్ సినిమాలు. 1992 నాటి 'వాకాస్' మొదలు 2001 వరకు ఇద్దరూ కలిసి ఐదు చేశారు. 1993లో వచ్చిన 'లా ఆర్దియా రోహా'కు ఆయనకు గోయా పురస్కారం, అంటే స్పెయిన్ జాతీయ సినిమా పురస్కారం, వచ్చింది. ఇప్పటికి ఆ గోయాలు పది దాటాయి. ఇక అల్మోదోవర్ సంగతి. ఆ దర్శకుడు 1990లో ఎన్నియో మొర్రికోనేతో, 1991లో ర్యూయిచి సకమోటోతో, ఇద్దరూ పేరున్న సంగీత దర్శకులే, ఒక్కో సినిమా చేసి ఊరుకున్నారు. అంతటివాళ్ల దగ్గర కుదురుకోని మనిషి 1995లో ఇగ్లేసియాస్‌ను పిలిచి, 2024 నాటి 'ది రూమ్ నెక్స్ట్ డోర్' దాకా మళ్లీ ఇంకొకరి వైపు చూడలేదు.

ఎందుకో తెలియాలంటే 'లా పియెల్ కె అబీతో' (2011) వినండి. ఒక శస్త్రచికిత్స నిపుణుడు తన ఇంట్లోనే ఒక మనిషిని బంధించి ఉంచే కథ. భయపెట్టే సినిమా కదా, చప్పుళ్లు, ఉరుములు ఉంటాయనుకున్నాను. వయొలిన్లు పరుగెత్తాయి, అది కూడా ఎంతో అందంగా. ఆ అందమే నాకు భయం వేయించింది. అప్పుడు నా స్పానిష్ అంతంతమాత్రమే, అయినా ఎక్కడ ఊపిరి బిగబట్టాలో తెలిసిపోయింది. మర్నాడు 'ఆబ్లె కోన్ ఎయ్యా' పెట్టండి. అదే మనిషి తీగవాద్యాలతో ఎంత నెమ్మదిగా మాట్లాడగలరో వినిపిస్తుంది. మేదెమ్ సినిమాలు ఆ తర్వాత చూడండి, వాటికి ఓపిక కావాలి.

ఆస్కార్‌కు నాలుగుసార్లు నామినేట్ అయ్యారు, ఒక్కసారీ రాలేదు. వాటిలో 'టింకర్ టైలర్ సోల్జర్ స్పై' నాకు ఇష్టం, ట్రంపెట్ కోసం. దాని చివర్లో 'లా మేర్' అనే పాట వస్తుంది. పాడింది స్పానిష్ గాయకుడు హూలియో ఇగ్లేసియాస్. ఇంటిపేరు చూసి నాలా మళ్లీ పొరబడకండి.