దుప్పట్లు ఎవరు తెచ్చారో రాయి

చిరంజీవి అమ్మాయికి ఆశీస్సులు.

నీ కథ "మంచు సమాధి" అందింది. నా మనవరాలి ఈడుదానివి కాబట్టి నువ్వు అనే రాస్తున్నాను, ఏమీ అనుకోకు. స్టూవర్డు కేబిన్ల తలుపులు తడుతూ "కంగారేం లేదండీ, లైఫ్‌బెల్టు మాత్రం వేసుకోండి" అని నవ్వుతూ చెప్పి, మూల తిరగ్గానే పరుగందుకునే చోటు బాగుంది. అక్కడ నువ్వు రచయిత్రివి. ఇక నాకు ఒళ్లు మండిన చోటుకి వద్దాం.

పదకొండు పేజీల కథలో తొమ్మిది పేజీలు టైటానిక్ మునుగుతూనే ఉంది. జమీందారు కొడుకు, కొత్త పెళ్లికూతురు ఫస్ట్ క్లాసు డెక్కు మీద చేతులు పట్టుకుని నిలబడతారు. వయొలిన్ వినిపిస్తుంది. నక్షత్రాలు సాక్ష్యం చెబుతాయి. అదంతా అయ్యాక చివరి పేజీలో ఈ వాక్యం: "తెల్లవారేసరికి కార్పాథియా అనే నౌక వచ్చి మిగిలినవారిని రక్షించింది."

వచ్చి రక్షించిందా? స్టాపు దగ్గరికి సిటీబస్సు వచ్చినట్టు వచ్చేసిందా?

ఆ ఓడ అటు రావలసిందే కాదు. 1912 ఏప్రిల్ 11న న్యూయార్క్‌లో బయలుదేరి మధ్యధరా సముద్రం వైపు తన దారిన తాను పోతోంది. అందులో ఉన్నది ఒక్కడే వైర్‌లెస్ ఆపరేటరు, హెరాల్డ్ కాటమ్, ఇరవై ఒక్క ఏళ్ల కుర్రాడు. అతని తర్వాత డ్యూటీకి వచ్చేవాడు లేడు, అతను పడుకుంటే ఆ ఓడకి చెవుల్లేనట్టే. 14వ తేదీ రాత్రి పొద్దుపోయాక కోటు విప్పేశాడు, పడుకోబోతున్నాడు. వేరే ఓడ నుంచి రావలసిన జవాబు కోసం చెవులకి పెట్టుకున్న హెడ్‌ఫోన్లు మాత్రం తీయలేదు. ఆ ఖాళీలో, అమెరికా తీరంలోని కేప్ కాడ్ వైర్‌లెస్ స్టేషన్లో టైటానిక్‌కి మెసేజిలు పేరుకుపోయాయని చెబుదామని, అదీ తోటి ఆపరేటరు మీద మర్యాదకొద్దీ, టైటానిక్‌ని పిలిచాడు. వెంటనే రండి, మంచుకొండని గుద్దుకున్నాం అని జవాబొచ్చింది.

ఇంకా దగ్గర్లో కాలిఫోర్నియన్ అనే ఓడ ఉంది. దాని ఆపరేటరు సిరిల్ ఇవాన్స్, ఇక్కడ మంచులో ఆగిపోయాం అని అంతకుముందే టైటానిక్‌కి చెప్పబోతే, ఊరుకోవయ్యా, నేను పనిలో ఉన్నాను అని అటు నుంచి కసిరారు. పాపం అవతల ఉన్న టైటానిక్ ఆపరేటరు ఫిలిప్స్‌కి ప్రయాణికుల మెసేజిలు గుట్టలుగా పడున్నాయి. ఇవాన్స్ పదకొండున్నరకి సెట్టు కట్టేసి పడుకున్నాడు. పదకొండు నలభైకి టైటానిక్ మంచుకొండని గుద్దింది. నేను తంతి ఆఫీసులో రిటైరైనదాన్ని. నైట్ డ్యూటీలో పండగ రద్దీకి కసురుకోవడం ఏమిటో నాకు తెలుసు, ఇవాన్స్ నిద్ర ఏమిటో కూడా తెలుసు. ఇద్దరి మీదా నాకు కోపం రాదు. ఈ ముగ్గురు కుర్రాళ్లు నీ కథలో ఎక్కడా లేకపోవడం మీదే కోపం.

ఇప్పుడు కార్పాథియా కెప్టెన్ ఆర్థర్ రోస్ట్రన్ ఏం చేశాడో చూడు. ముందు ఓడ తిప్పమన్నాడు, ఆ తర్వాతే కాటమ్‌ని ఖాయమేనా అని అడిగాడు. 58 సముద్రపు మైళ్ల దూరం. బాయిలర్ల దగ్గరికి అదనంగా మనుషుల్ని పంపాడు. ఆవిరి అంతా ఇంజిన్లకే వెళ్లాలని కేబిన్లలో వెచ్చదనం, వేడినీళ్లు ఆపించేశాడు. ఓడలో ముగ్గురు డాక్టర్లుంటే ఇంగ్లిష్ డాక్టర్ని ఫస్ట్ క్లాసు భోజనశాలలో, ఇటలీ డాక్టర్ని సెకండ్ క్లాసులో, హంగేరీ డాక్టర్ని థర్డ్ క్లాసులో కూర్చోబెట్టాడు. కాఫీ, టీ, సూపు కాయించాడు. దుప్పట్లు మూడు చోట్ల పెట్టమన్నాడు: హాళ్లలో, ద్వారాల దగ్గర, పడవల్లో. పక్క ద్వారాలన్నీ తెరిపించి లైట్లు వేలాడదీయించాడు. నిచ్చెన ఎక్కలేనివాళ్ల కోసం తాళ్లకి కుర్చీలు కట్టించాడు. అలలు అణగడానికి మరుగుదొడ్ల గొట్టాల్లోంచి సముద్రంలోకి పోయడానికి నూనె సిద్ధం చేయించాడు. తన ప్రయాణికులు నిద్రలేచి హడావుడి పడకుండా నడవాల్లో మనుషుల్ని నిలబెట్టాడు. రెండు ముప్పావు నుంచి పావుగంటకొక రాకెట్ కాల్పించాడు, అక్కడున్నవాళ్లకి మేం వస్తున్నామని తెలియడానికి.

చిన్నపిల్లల్ని పైకి లాగడానికి ఏం తెప్పించాడో తెలుసా? బాయిలర్ల బూడిద ఎత్తిపోసే కాన్వాసు సంచులు.

ఇందులో చాలా మటుకు ఆయన తర్వాత అమెరికా సెనేట్ విచారణలో పూసగుచ్చినట్టు చెప్పాడు. చీకట్లో మంచుకొండల్ని తప్పించుకుంటూ వెళ్లి, నాలుగు దాటాక మొదటి పడవని అందుకున్నాడు. చివరిది అందేసరికి ఎనిమిదిన్నర. ఏడు వందల పైచిలుకు మనుషులు. ఒక్కొక్కరి ఇంటిపేరుతో సహా పేరు రాసుకోమని, ఓడ లెక్కలు చూసే పర్సర్‌కి ముందే చెప్పాడు. ఆ జాబితా పంపి పంపి కాటమ్ సొమ్మసిల్లే స్థితిలో ఉంటే, టైటానిక్ రెండో ఆపరేటరు హెరాల్డ్ బ్రైడ్, కాళ్లు దెబ్బతిని నడవలేనివాడు, వచ్చి కూర్చుని తనూ పంపాడు. ఫిలిప్స్ దక్కలేదు.

నువ్వు దీన్ని ఒక్క వాక్యంలో తేల్చేశావు. బూడిద సంచిలో పైకి వెళ్తున్న ఒక్క పిల్ల నీ తొమ్మిది పేజీల నక్షత్రాలన్నిటికీ సమాధానం చెబుతుంది.

నాకీ పట్టుదల ఈనాటిది కాదు. 1977 నవంబరులో దివిసీమ ఉప్పెన వచ్చినప్పుడు బెజవాడలో పనిచేస్తున్నాను. తీరం వైపు లైన్లు తెగిపోయాయి. లేని ఊళ్లకి, లేని ఇళ్లకి తంతులు వస్తూనే ఉన్నాయి. అన్నిట్లోనూ ఒకటే సంగతి: క్షేమమా, వెంటనే తెలపండి. ఊరి వారీగా కట్టలు కట్టాం, అవనిగడ్డ కట్ట, నాగాయలంక కట్ట, కోడూరు కట్ట. మా ప్యూను ఒకాయన వాటిని దారంతో కట్టనిచ్చేవాడు కాదు. పాత సైకిల్ ట్యూబు ఉంగరాలుగా కోసి బిగించేవాడు, "దారం తడిస్తే తెగుద్దమ్మా, ఇది తెగదు" అంటూ. బియ్యం బస్తాల లారీ ఎక్కి ఆ కట్టలు తనే పట్టుకెళ్లాడు. తిరిగొచ్చినప్పుడు కోడూరు కట్ట చాలా మటుకు అలాగే ఉంది, ట్యూబు కూడా తీయలేదు.

దాన్ని కథగా రాసి అప్పట్లో ఇంటింటా చదివే ఒక వారపత్రికకి పంపాను. ఎడిటరు గారి జవాబు ఇప్పటికీ నోటికొచ్చు: "ఉప్పెన కథలో శవం ఏదమ్మా?" వేసుకున్నారులెండి అని మా ఇంట్లో సంబరపడేలోపు చూస్తే, సైకిల్ ట్యూబు లేదు, కట్టలు లేవు, లారీ లేదు. చివర ఒక తల్లి బిడ్డని గుండెకి హత్తుకుని చెట్టుకొమ్మన ప్రాణాలు విడిచింది. ఆ తల్లి నాది కాదు, ఆయనది. పాఠకుల ఉత్తరాలన్నీ ఆ తల్లికే వచ్చాయి. ఆయన పోయి చాలా కాలమైంది. పైన కూడా ఎవరి కథలోంచో ట్యూబులు తీసేస్తూనే ఉండి ఉంటారు.

ఇప్పుడు నీ తరానికి ఆయన లేడు, పోటీలున్నాయి. వెయ్యి పదాలు, చివర్లో ట్విస్టు, గుండె పిండాలి. పెళ్లికూతురు లైఫ్‌బెల్టులో ఉత్తరం దొరకడం నీ ట్విస్టు అని ఇట్టే తెలిసిపోయింది. తీసెయ్.

జమీందారు కొడుకుని కూడా తీసెయ్. గుంటూరులో కూర్చుని, తెలుగువాడు ఒకడు ఆ ఓడలో ఉండాలి కదా అని లేనివాణ్ణి కల్పించావు. ఆ ఓడలో గుంటూరులో పుట్టిన పిల్ల నిజంగానే ఉంది. పేరు రూత్ బెకర్, పన్నెండేళ్లు. తండ్రి అలెన్ బెకర్ గుంటూరులో లూథరన్ మిషనరీ. ఏడాది దాటిన తమ్ముడు రిచర్డ్‌కి జబ్బు చేస్తే, వైద్యానికి అమెరికా తీసుకెళ్లాలని తల్లి నెల్లీ ముగ్గురు పిల్లల్నీ వెంటబెట్టుకుని బయలుదేరింది. మధ్యది మారియన్, నాలుగేళ్లు. సెకండ్ క్లాసు టికెట్లు. తండ్రి ఇక్కడే ఉండిపోయాడు.

ఆ రాత్రి పడవల దగ్గరికి వెళ్లాక, పైన చలిగా ఉందని తల్లి రూత్‌ని మళ్లీ కిందికి, కేబిన్‌కి పంపింది, దుప్పట్లు తెమ్మని. తెచ్చింది. చిన్నవాళ్లిద్దరినీ 11వ నంబరు పడవలో వేశారు, వెనకే తల్లి ఎక్కింది, పడవ నిండిపోయిందన్నారు. దుప్పట్లతో సహా రూత్ డెక్కు మీదే ఉండిపోయింది. ఇంకో పడవ ఎక్కమని తల్లి కింది నుంచి అరిచింది. ఈ పిల్ల 13వ నంబరు దగ్గరికి వెళ్లి, నేను ఎక్కవచ్చా అని అడిగింది. అడిగి ఎక్కింది, గమనించు.

13 నీటిని తాకగానే ఓడ పక్కనుంచి వచ్చే నీటి ధార దాన్ని వెనక్కి తోసింది, సరిగ్గా పైనుంచి దిగుతున్న 15వ పడవ కిందికి. అరుపులు పైకి వినిపించలేదు. బాయిలర్ గది నుంచి వచ్చిన ఫ్రెడ్ బారెట్ కత్తితో తాళ్లు కోసి తప్పించాడు. ఆ పడవలో బొగ్గు వేసే పనివాళ్లు ఇంకా ఉన్నారు, మంటల ముందు నుంచి పల్చటి బనీన్లతో అలాగే వచ్చినవాళ్లు. రూత్ దుప్పట్లు వాళ్లకి వెళ్లాయి. పక్కన ఒక తల్లి ఏడుస్తోంది, ఆమె బిడ్డని వేరే పడవలో పడేశారు. ఆ బిడ్డ తర్వాత కార్పాథియా మీద దొరికింది. రూత్‌ని పైకి లాగేటప్పుడు వేళ్లు కొయ్యబారి తాడు పట్టుకోలేకపోతే, ఉయ్యాల్లాంటి దానికి కట్టి లాగారు. ఆ తర్వాత చాలాసేపటికి గానీ తల్లి దొరకలేదు.

పెద్దయ్యాక బడిపంతులమ్మ అయింది. కన్నపిల్లలకి కూడా ఏళ్ల తరబడి ఈ సంగతి చెప్పలేదు. మళ్లీ సముద్రం మీద ప్రయాణం చేసింది 1990లోనే, తొంభై ఏళ్ల వయసులో, అదే ఏడాది పోయింది. చితాభస్మాన్ని టైటానిక్ మునిగిన చోటే కలిపారు.

పదిహేను వందల పైచిలుకు చావుల సంగతి వదిలెయ్యమని నేను అనడం లేదు. చావు రాసినా పనే రాయి. కెనడాలోని హాలిఫాక్స్ నుంచి, సముద్రంలో తంతి తీగలు వేసే మెకే-బెనెట్ అనే ఓడని శవాల కోసం పంపారు. మంచు, శవపేటికలు, శవాలు చెడకుండా చూసే మనిషి, పాదిరీ. 306 మంది దొరికారు. ప్రతి శవానికీ ఒక నంబరు, జేబుల్లో దొరికిన వస్తువుల సంచికీ అదే నంబరు. పేటికలు ఫస్ట్ క్లాసు వాళ్లకి, సెకండ్, థర్డ్ క్లాసు వాళ్లకి కాన్వాసు గుడ్డ. 116 మందిని బరువు కట్టి తిరిగి సముద్రంలోకే వదిలారు. నాలుగో నంబరు ఒక పసివాడు. ఎవరూ రాకపోతే ఆ ఓడ నావికులే చందాలేసుకుని సమాధి రాయి పెట్టించారు. వాడి పేరు సిడ్నీ గుడ్విన్ అని డీఎన్‌ఏ పరీక్షలతో తేలేసరికి 2007 వచ్చింది. థర్డ్ క్లాసు కుటుంబం, అమ్మానాన్నలు, ఆరుగురు పిల్లలు, ఒక్కరూ మిగల్లేదు. థర్డ్ క్లాసులో నలుగురిలో ఇంచుమించు ఒక్కరే బతికారమ్మాయ్, నీ కథలో వాళ్లకి ఒక్క డైలాగు కూడా లేదు.

టైటానిక్కే కావాలని కూడా లేదు. 1915లో లూసిటేనియా టార్పీడో తగిలి పద్దెనిమిది నిమిషాల్లో మునిగిపోతే, వాండరర్ అనే చేపల పడవలో ఉన్న ఏడుగురు జాలర్లు సుమారు 160 మందిని ఎత్తుకున్నారు. చేపల పడవలో 160 మందిని ఎక్కడ కూర్చోబెట్టారు? వాళ్ల వలలు ఏమయ్యాయి? అది రాయాలనిపిస్తే రాయి.

కలం పేరు గురించి అడిగావు. ఉన్న పేరుకేమైంది? మిగతా ప్రశ్నలు మళ్లీ ఎప్పుడైనా చూద్దాం.

మాట వరసకి ఒకటి చెబుతాను. ఆ ఏప్రిల్‌లో అలెన్ బెకర్ గుంటూరులో ఉన్నాడు. భార్య, ముగ్గురు పిల్లలు ఎక్కిన ఓడ మునిగిందన్న వార్త ఎలాగో ఒకలాగ ఈ ఊరు చేరి ఉంటుంది. ఏ గుమస్తా ముందు చదివాడు, చదివాక కుర్చీలోంచి లేచాడా, మిషన్ కాంపౌండు దాకా ఎవరు పట్టుకెళ్లారు, ఎండలో నడిచా సైకిలు మీదా, గుమ్మంలో ఏమని పిలిచారు. ఇది మొత్తం కల్పించుకునే హక్కు నీకుంది. నీది అదే ఊరు, నాది అదే ఆఫీసు. సంక్రాంతిలోగా నువ్వు మొదలుపెట్టకపోతే నేనే రాసేస్తాను. తర్వాత ఆంటీ నా ఐడియా కొట్టేసిందని ఫేస్‌బుక్‌లో పెట్టకు.