మా ఇంట్లో ఉన్న పాత రవివర్మ లక్ష్మి పటం ఒరిజినలేనా?

ఆయన చేత్తో వేసిన పెయింటింగ్ మాత్రం కాదు, విజయనగరం, బొబ్బిలి వైపు పాత ఇళ్ల దేవుడి గదుల్లో కనిపించే రవివర్మ పటాలు దాదాపు అన్నీ ప్రింట్లే. 1894లో బొంబాయిలో ఆయన పెట్టిన ప్రెస్సులో ఒక్కో రంగుకీ ఒక్కో రాయి మీద బొమ్మ గీసి, ఒకే కాగితం మీద వరసగా అచ్చు వేసి, పైన వార్నిష్ పూసేవాళ్లు, అందుకే నూనె రంగుల మెరుపు వస్తుంది. అలాగని తీసిపారేయకండి, ఆ కాలం నాటి ప్రింట్ల కోసం వెతికే కలెక్టర్లు ఉన్నారు. భూతద్దంతో లక్ష్మి చీర చూడండి: చుక్కలు అడ్డదిడ్డంగా ఉంటే రాతి అచ్చు, ముగ్గు చుక్కల్లా లెక్కగా ఉంటే తర్వాతి ఆఫ్‌సెట్ కాపీ. కింద సంతకం ఉంది కదా అంటారు చాలామంది. అదీ బొమ్మతో పాటు అచ్చయిందే, నిన్నటి కాపీలోనూ ఉంటుంది.