లిబ్‌ఈఏవై32 డీఎల్ఎల్ కనబడటం లేదన్న ప్రశ్నకు సమాధానం

నమస్కారమండి. అంబాజీపేటలోని మీ కొబ్బరి దుకాణంలో బిల్లుల ప్రోగ్రాం తెరవగానే లిబ్‌ఈఏవై32 డీఎల్ఎల్ అనే సహాయక ఫైలు లేదని వస్తోందనీ, ఎస్ఎఫ్‌సీ స్కాన్‌నౌ నడిపినా ఫలితం లేదనీ రాశారు. ఆ ఆదేశం విండోస్ సొంత ఫైళ్లను మాత్రమే సరిచేస్తుంది కనుక ఫలితం లేకపోవడం సహజమే. ఈ ఫైలు ఓపెన్‌ఎస్‌ఎస్‌ఎల్ అనే భద్రతా లైబ్రరీలోది, అంటే ప్రోగ్రాంలు వాడుకునే సిద్ధ కోడ్‌లోది. దాన్ని సాధారణంగా ప్రోగ్రాం తయారీదారులే తమ ఫోల్డరులో పెట్టి ఇస్తారు.

ముందుగా యాంటీవైరస్ దాన్ని క్వారంటైన్‌లో (అనుమానపు ఫైళ్లను విడిగా ఉంచే చోట) పెట్టిందేమో చూడండి. తరువాత బిల్లుల డేటా ఫోల్డరును పెన్‌డ్రైవులోకి కాపీ చేసుకొని, తయారీదారు ఇచ్చిన తాజా సెటప్‌తో ప్రోగ్రాంను మళ్లీ ఇన్‌స్టాల్ చేయండి. డీఎల్ఎల్ ఫైళ్లు ఉచితంగా ఇచ్చే సైట్ల జోలికి మాత్రం వెళ్లవద్దు. పాస్‌వర్డులను కాపాడవలసిన ఫైలునే ఊరూపేరూ తెలియని చోటు నుంచి తేవడమంటే దొంగ చేతికి తాళాలు ఇచ్చినట్టే.

ఈ ఫైలుకు బదులుగా వచ్చిన కొత్త లిబ్‌క్రిప్టో ఫైలుకు పాత పేరు పెడితే సరిపోతుందని మీకెవరో చెప్పారట. 2016లో వచ్చిన ఓపెన్‌ఎస్‌ఎస్‌ఎల్ 1.1.0 వెర్షన్‌తో పేరే కాక లోపలి ఫంక్షన్లు కూడా మారాయి కాబట్టి అది పనిచేయదు. పాత 1.0.2కు ఉచిత భద్రతా సవరణలు 2019 చివరితో ఆగిపోయాయి. తయారీదారు ఇంకా దానినే ఇస్తుంటే, నా ఉద్దేశంలో ప్రోగ్రాం మార్చుకోవడమే మేలు.

ఒకవేళ లేనిది క్రిప్ట్32 వంటి విండోస్ ఫైలైతే, అప్పుడు విండోస్‌ను బాగుచేసే డిజమ్ రిస్టోర్‌హెల్త్ ఆదేశం నడిపి, ఆపైన ఎస్ఎఫ్‌సీ నడపాలి.